చేపలావిడ చూపు, మా మేక పొదుగు

మీ మేక పాలివ్వడం మానేస్తే ముందు దేన్ని పరీక్షిస్తారు: దాని పొదుగునా, దాన్ని చూసి వెళ్ళిన మనిషి కళ్ళనా?

తొందరపడి జవాబు చెప్పకండి. "మేం చదువుకున్నవాళ్ళం, పొదుగే చూస్తాం" అంటారని నాకు తెలుసు. సభల్లో అడిగినప్పుడల్లా అందరూ అదే అంటారు. చప్పట్లు కూడా కొడతారు. ఆ చేతుల్తోనే ఇంటికెళ్ళి గుమ్మానికి బూడిద గుమ్మడికాయ కడతారు. నేను ఈ వాదనల మధ్యే పెరిగినవాణ్ణి. ముహూర్తాల మీదా, బాబాల మీదా, దిష్టి మీదా రాజమండ్రి సభల్లో మైకు వేడెక్కేదాకా మాట్లాడాను. అయితే దిష్టి మీద నేను చేసిన వాదాల్లోకెల్లా గట్టిది మా పెరట్లో, ఒక మేక వెనక కాళ్ళ దగ్గర కూర్చుని చేసిందే. దాని సంగతే ఇది.

మా ఇల్లు ధవళేశ్వరం దిగువన, కాలువ గట్టు మీద. మా ఆవిడది పాలకొల్లు వైపు పల్లెటూరు. ఆమధ్య పుట్టింటికెళ్ళి, తిరిగొచ్చేటప్పుడు ఆటోలో ఒక చూడి మేకని ఎక్కించుకొచ్చింది. నల్లటి మేక, చెవుల చివర్లు మాత్రం తెలుపు.

"ఏంటిది?" అన్నాను.

"మేకండి. మీరు హేతువాదులు కదా, చూసి పోల్చుకోలేరా?" అంది.

ఆమె బడిపంతులమ్మ. పొద్దున్నే బస్సు పట్టుకోవాలి. అందుకని మేక ఈని రెండు పిల్లల్ని పెట్టాక, సాయంత్రం పాలు పితికే పని ఆమెకీ, పొద్దుటి పని నాకూ వచ్చింది. నేర్పింది ఆమే. మొదటి రోజు నేను చన్ను పట్టుకుని కిందికి లాగుతుంటే నెత్తి కొట్టుకుంది.

"లాగకండి, అది గుడిగంట తాడు కాదు. బొటనవేలూ చూపుడువేలూ కలిపి పైన మూసెయ్యండి. పాలు వెనక్కి పోకుండా. తర్వాత మిగతా వేళ్ళు ఒకదాని కిందొకటి మూసుకుంటూ రండి. పిసకడమే, లాగడం లేదు."

మేకకి నా వేళ్ళు నచ్చినా గొంతు నచ్చలేదు. పితుకుతూ ఆ వారం ఉపన్యాసాన్ని పైకి వల్లె వేసుకోవడం నా అలవాటు. నేను గొంతు పెంచేసరికి అది వీపు వంచి, పాలు బిగబట్టేసేది. ఒకరోజు ఎంత పిసికినా చుక్క రాలేదు. మా ఆవిడ పూజగది దగ్గర్నుంచి, అదేనండి, నా ఇంట్లోనూ పూజగది ఉంది, అక్కణ్ణుంచి కేకేసింది.

"ఏవండీ, అది సభ కాదు. బెదిరిన మేక పాలు విడవదు. తవుడులో కాస్త తెలకపిండి కలిపి దాని ముందు పెట్టండి, పిల్లని ఒక్కసారి మూతి పెట్టనివ్వండి, మీరు నోరు మూసుకోండి."

మూడూ చేశాను. పాలు ధారగా గిన్నెలో పడ్డాయి. నోరు మూసుకోవడం వల్ల మేలు జరుగుతుందని నేను ఒప్పుకున్న సందర్భం అదొక్కటే.

మా పక్కింట్లో ఒక పెద్దావిడ ఉంది. వరసకి చుట్టం కాదు గానీ నేను వదినగారూ అంటాను, ఆవిడ నన్ను మరిదీ అని ఆడిపోసుకుంటుంది. మాకు జ్వరాలొస్తే మిరియాల చారు పెట్టి పంపిన మనిషి. ఆవిడకి తెలియని శకునం లేదు. దీపాలు పెట్టాక ఇంట్లోంచి పాలూ పెరుగూ బయటికి పోనివ్వదు. పగలు ఎవరికైనా పాలు పోసినా అందులో చిన్న బొగ్గుముక్క వేసి మరీ ఇస్తుంది. ఓ పొద్దున మా పిట్టగోడ మీద మోచేతులు ఆనించి, మేక నన్ను తన్నడం చూసింది.

"ఎందుకు తన్నదు మరిదీ? ఎడమచేత్తో పితుకుతున్నావు. లక్ష్మి నిలుస్తుందా?"

నాది పుట్టుకతో ఎడమచేతి వాటం. వాదనకి దిగబోతుంటే మా ఆవిడ వచ్చి నా చెయ్యి తిప్పి చూసి, లోపల్నుంచి గోళ్ళ కత్తెర తెచ్చింది. గోళ్ళు తీశాక మేక తన్నడం మానేసింది. చెయ్యి మాత్రం ఎడమదే. నేను గోడవైపు విజయగర్వంతో చూశాను. వదినగారు, "గోళ్ళు తీస్తే లక్ష్మికి ఇష్టమే" అనేసి లోపలికెళ్ళిపోయింది. ఆవిడతో వాదించి గెలిచినవాణ్ణి నేనింకా చూడలేదు.

పిల్లలు కాస్త ఎదిగాక పగలంతా పాలు తాగేస్తున్నాయని మా ఆవిడ పాత లంగా గుడ్డతో పొదుగుకి సంచి కుట్టింది. మేపుకు వెళ్ళేటప్పుడు దాన్ని పొదుగు చుట్టూ తొడిగి, నాడాలు నడుం మీద ముడి వేస్తాం. పితికేటప్పుడు విప్పేస్తాం. పితికాక పిల్లల వంతు మిగులుస్తాం. మేకలున్న ఇళ్ళలో మామూలు పద్ధతే ఇది.

ఇప్పుడు చేపలావిడ దగ్గరికొస్తాను. గోదారి ఒడ్డున జాలర్ల పేటనుంచి గంప నెత్తిన పెట్టుకుని మా వీధికి వచ్చేది. భర్త వల వేస్తే ఈవిడ అమ్ముతుంది. మాది పొడుగాటి వీధి. సగం గంప మా వీధిలోనే ఖాళీ అయ్యేది. మా గేటు దగ్గర గంప దించి, మంచినీళ్ళు తాగి, మా ఆవిడ సెలవురోజుల్లో ఇంట్లో ఉంటే కబుర్లు పెట్టుకునేది. ఒక ఆదివారం మేక మేపునుంచి తిరిగొచ్చి గేటు దగ్గర నిలబడింది. సంచి బిగువుగా ఉంది.

"ఓయమ్మో, ఏం పొదుగమ్మా! కడవ కట్టినట్టుంది!" అంది చేపలావిడ, నోటి నిండా నవ్వుతో.

అంతే ఆవిడ చేసిన నేరం. పిట్టగోడ మీద వదినగారి మొహం మాడిపోయింది.

మర్నాడు పొద్దున నేను పితకడానికి కూర్చుని, వేలు అలా తగిలించానో లేదో మేక నా గిన్నెని కాలువ దాకా తన్నింది. గోళ్ళు చూసుకున్నాను. నోరు మూసుకునే ఉన్నాను. తవుడు ముందుంది, తినలేదు. ముందు కాళ్ళు పైకెత్తి ఒకటే అరుపు. సాయంత్రం మా ఆవిడకీ అదే వరస. మణికట్టు మీద గిట్ట తగిలి వాచింది. ఇక పిల్లల సంగతి మరీ వింత. ఆకలితో పరుగెత్తుకొచ్చి తల్లి చన్ను నోట పెట్టుకుని, వెంటనే వదిలేసి, తల విదిలించి తుమ్మాయి. మళ్ళీ వచ్చాయి, మళ్ళీ తుమ్మాయి.

"చూశావా! పిల్లలే తల్లి పాలు వద్దంటున్నాయి. ఇంతకంటే నిదర్శనం ఏం కావాలి? ఆ చేపలావిడ కళ్ళు పాడుగాను!" అంది వదినగారు. ఉప్పూ మిరపకాయలూ మేక చుట్టూ మూడుసార్లు తిప్పి పొయ్యిలో వేసింది. ఘాటు రాలేదంది. ఘాటు రాకపోతే దిష్టి గట్టిగా తగిలినట్టట. ఆవిడ గ్యాసు పొయ్యి పక్కన నిలువెత్తు కిటికీ ఉందనీ, ఘాటంతా అందులోంచి పోయిందనీ నేనంటే, "నీ కిటికీ నువ్వు మూసుకో" అంది.

మాట వీధంతా పాకింది. మర్నాడు చేపలావిడ మామూలుగా కేక వేసుకుంటూ వస్తే తలుపులు తెరుచుకోలేదు. ఒకావిడైతే చూలాలైన కోడల్ని చెయ్యి పట్టుకుని లోపలికి లాక్కుపోయింది. నా కళ్ళతో చూశాను. చేపలావిడకి ముందు అర్థం కాలేదు. తర్వాత ఎవరో అర్థమయ్యేలాగే చెప్పారు. ఆ రోజునుంచి మా వీధి మొదట్లో కేక ఆగిపోయింది. గంపతో గట్టు కింది దారిన, తల వంచుకుని చుట్టూ తిరిగి పోయేది. ఒక వీధి పోవడమంటే మీకూ నాకూ నడక తప్పడం. ఆవిడకి ఒక పూట తిండి పోవడం. రేపు ఈ మాట పక్క వీధికి పాకితే రెండో పూటా ఉండదు.

ఇక్కడ నేను కోపం దాచుకోను. ఆ ఆదివారం సాయంత్రమే మా వీధి చివరి ఆసామి గారు బుల్లెట్ మీద వెళుతూ మా గేటు దగ్గర ఆగారు. "అబ్బో, గేదె పొదుగులా ఉందే!" అన్నారు. కడవ కంటే గేదె పెద్దది కదా? మరి ఆయన చూపు ఎందుకు తగల్లేదు? పన్నెండెకరాల కొబ్బరితోట ఉన్నవాడి కళ్ళకి దిష్టి ఉండదా? నా జీవితంలో నేను గమనించింది ఒక్కటే. దిష్టికళ్ళు ఎప్పుడూ పేదింటి ఆడదాని మొహంలోనే ఉంటాయి. విధవరాలికి ఉంటాయి, పిల్లల్లేనివాళ్ళకి ఉంటాయి, గంప మోసేదానికి ఉంటాయి. అప్పిచ్చేవాడికీ, ఆఫీసరుకీ ఉండవు. ఇది కళ్ళజబ్బు కాదు, మన వెన్నెముక జబ్బు.

ఈ మాటలన్నీ వదినగారితో అన్నాను. ఆవిడ శ్రద్ధగా విని, "అంతా బాగానే ఉంది మరిదీ, మేక పాలిచ్చిందా?" అంది.

ఇవ్వలేదు. అదే అసలు చిక్కు. మేక తంతున్నంతకాలం చేపలావిడే దోషి. వాదంతో ఆవిణ్ణి విడిపించలేను. పొదుగే విడిపించాలి.

ఆ రోజు మా ఆవిడ సెలవు పెట్టింది. మేకని వేపచెట్టుకి పొట్టిగా కట్టి, తల తన ఒళ్ళో పెట్టుకుని చెవులు నిమురుతూ కూర్చుంది. "తల్లీ, ఒక్కసారి చూడనియ్యవే" అని దానితో మాట్లాడుతోంది. కళ్ళలో నీళ్ళు. నేను ఒక కాలు మెల్లగా పట్టుకుని సంచి విప్పాను. మొదటి చుక్కలు నల్ల పళ్ళెంలో పిండాను. తరకలు లేవు, నెత్తురు చార లేదు. పొదుగు బిగిసింది, పాలు దిగక. కానీ ఒకచోట గడ్డలాగా, వేడిగా లేదు. అంటే లోపల జబ్బు ఇంకా పట్టలేదు. ఇలాగే పాలు నిలవుంటే మాత్రం పడుతుంది. పొదుగువాపు వచ్చి సగం పొదుగు ఎండిపోయిన మేకల్ని చూశాం.

మరి ఎందుకు తంతోంది? చన్నుల చర్మం ఎర్రగా కందింది. వేలు తగిలితే ఒళ్ళంతా వణుకుతోంది. నొప్పి లోపల కాదు, పైన. పైన ఏం తగులుతోంది? ఆలోచిస్తూ చెమట పట్టి, అదే చేత్తో కన్ను తుడుచుకున్నాను.

అబ్బ! నా కన్ను అంటుకుపోయింది. పొయ్యిలో పెట్టినట్టు భగ్గుమంది. గెంతాను, నీళ్ళతొట్టి దగ్గరికి పరుగెత్తాను. పిట్టగోడ అవతలనుంచి వదినగారి కేక.

"చూశావా! దిష్టి ఇప్పుడు నీకే తగిలింది! నమ్మనివాణ్ణి వదులుతుందా?"

నేను కన్ను కడుక్కుంటూ తుమ్మాను. తుమ్మగానే పిల్లలు గుర్తొచ్చాయి. అవీ ఇలాగే తుమ్మాయి.

"ఏమే, ఇది కారం!" అని అరిచాను.

మా ఆవిడ మేక తల వదిలి నిలబడిపోయింది. తర్వాత సంచి అందుకుని, అడుగున అస్తరు కుట్టు పళ్ళతో తెంపింది. లోపల్నుంచి తడిసి నుజ్జయిన ఎండుమిరపకాయలూ, ఉప్పు ముద్దా కింద పడ్డాయి.

"పక్కింటి అక్క కుట్టిందండి. ఆదివారం సాయంత్రం. ఉప్పూ మిరపా దగ్గరుంటే చూపు నిలవదని, రాత్రి కూడా సంచి విప్పద్దని. పోనీలే, ఆవిడ మాట కాదనడమెందుకని ఊరుకున్నాను. మీతో అంటే ఉపన్యాసం ఇస్తారని చెప్పలేదు."

"ఇన్ని రోజులకీ ఇంత ఘాటా?"

"నిన్న పాతవి బలం తగ్గాయని కొత్తవి వేసింది."

సంగతి అదీ. మేక పడుకున్నప్పుడల్లా ఆ మూట దాని బరువుకి నలిగింది. చెమటకి, పాల తడికి కరిగింది. ఉప్పూ కారం కలిసిన పట్టీ రాత్రింబవళ్ళు లేత చన్నులకి కట్టి ఉంచాం. అరచేతి చర్మం మొద్దు కాబట్టి మాకు తెలియలేదు. మేక తన్నినకొద్దీ దిష్టి రుజువైంది, దిష్టి రుజువైనకొద్దీ మిరపకాయలు పెరిగాయి. మందే జబ్బు. ఈ దేశంలో ఎన్నో జబ్బులు ఇలాగే నడుస్తున్నాయని నా అభిప్రాయం. అది తర్వాత.

పశువుల డాక్టరు గారికి ఫోన్ చేశాం. "సబ్బుతో మెత్తగా కడగండి, నీళ్ళు బాగా పొయ్యండి, ఆరాక వెన్న రాయండి. పొదుగు పూర్తిగా ఖాళీ చెయ్యండి, పాలు నిలవ ఉండనివ్వద్దు. గడ్డ తగిలినా, ఒళ్ళు కాలినా వెంటనే తీసుకురండి" అన్నారాయన. ఇద్దరం కలిసి కడిగాం. మా ఆవిడ వెన్న రాస్తుంటే మేక మొదట మెడ తిప్పి చూసింది, తర్వాత తవుడు తొట్టిలో మూతి పెట్టింది. నేను నెమ్మదిగా పితికాను. వేరే గిన్నెలోకి, పారబోయడానికే. ఆ ధార చప్పుడుకి మా ఆవిడ నా భుజం మీద తల ఆనించి నవ్వింది, ఏడ్చింది. నా కన్ను ఎర్రగా వాచి ఉంది. మా ఇద్దరినీ చూసినవాడెవడైనా మేకకి ఏదో అయిపోయిందనుకునేవాడు.

వదినగారు గేటు తీసుకుని లోపలికొచ్చింది. కింద పడ్డ మిరపకాయల్ని చూసింది. మేకని చూసింది. దాని వీపు మీద చెయ్యి వేసి, "అయ్యో నా తల్లీ, నేనా నిన్ను ఏడిపించింది" అంది. ఆ మాట నిజంగానే అంది. ఆవిడ ప్రేమని నేనెప్పుడూ శంకించలేదు.

"ఇప్పటికైనా ఒప్పుకుంటారా వదినగారూ, చేపలావిడ తప్పు లేదని?"

ఆవిడ ఆలోచించింది. "మిరపకాయలు నేనే పెట్టాను, సరే. ఆవిడ ఆ మాట అనకపోతే నేను పెట్టేదాన్నా?"

ముప్పై ఏళ్ళుగా సభల్లో మాట్లాడుతున్నవాణ్ణి, పాలగిన్నె పారబోసే పని పెట్టుకున్నాను. మా ఆవిడే అంది, నెమ్మదిగా.

"అక్కా, మీరు మా ఇంటికి పెట్టి పంపిన చారుని నేను ఎన్నిసార్లు మెచ్చుకున్నాను! మీ ఇంట్లో ఏ కుండైనా పగిలిందా? మంచి మాట అన్నందుకు మనిషిని వీధిలోంచి గెంటేశాం. మన గుమ్మంలో నీళ్ళు తాగిన మనిషిని."

వదినగారు కొంగుతో మొహం తుడుచుకుంది.

మర్నాడు స్కూటీ మీద వెళ్ళి వెతికితే చేపలావిడ కాలువ లాకుల దగ్గర కనిపించింది. గంపలో చేపలు చాలానే మిగిలున్నాయి. సంగతంతా చెప్పాం. వింటూ తడిగుడ్డ చేపల మీద సర్దింది.

"నేనప్పుడే అనుకున్నానండి, నా కళ్ళకి అంత బలమే ఉంటే రోజూ ఈ చేపల్ని చూసి 'ఎంత బాగున్నాయే' అనుకుంటాను కదా, అవి ముందు కుళ్ళాలి" అంది. నవ్వబోయి ఆగింది. "కానీ రానులెండి అమ్మగారూ. వాళ్ళ మాట పడలేను."

మా ఆవిడ గంప తన స్కూటీ ముందర పెట్టుకుని ఆవిణ్ణి వెనక ఎక్కించుకుంది, నేను వాళ్ళ వెంటే ఆటోలో వచ్చాను. ఇక వాదన లేదు.

మా గేటు దగ్గర దిగిన చేపలావిడ ఏం చేసిందో ఎప్పటికీ మరిచిపోలేను. మేక పెరట్లోంచి బయటికి రాగానే కొంగు మొహానికి అడ్డం పెట్టుకుని, గోడవైపు తిరిగి నిలబడింది. "నేను చూడట్లేదమ్మా, చూడట్లేదు" అంది. ఒక మనిషి తన కళ్ళని తనే నేరస్తుల్లా దాచుకునే స్థితికి తెచ్చాం. మా ఆవిడ వెళ్ళి ఆ కొంగు మెల్లగా దించి, చెయ్యి పట్టుకుని మేక దగ్గరికి తీసుకొచ్చింది. పొదుగు చూపించింది.

"చూడు. బాగా చూసి, ఎలా ఉందో చెప్పు."

చేపలావిడ చూసింది. "ఎర్రగా కొంచెమే ఉందమ్మా. బాగుంది" అంది చివరికి, గుసగుసగా.

"గట్టిగా చెప్పు, మా మరిదికి ఒక కన్నే పనిచేస్తోంది, చెవులైనా పనిచెయ్యనీ" అని పిట్టగోడ మీదనుంచి వదినగారు. "ఏంటే, గంప దించవా? బొమ్మిడాయిలున్నాయా? నిన్నటివైతే నాకొద్దు."

"నిన్నటివి మీకెందుకు పెడతానమ్మా, మీ నోటికి భయపడనా?"

బేరం మొదలైంది. ఇక అంతా సర్దుకుందని మా ఆవిడ సంతోషించింది. నేను ఒప్పుకోలేదు. బేరమాడటం క్షమాపణ కాదు. నింద వీధిలో వేశాం, వీధిలోనే తియ్యాలి. అదే వదినగారితో అన్నాను, ఆవిడ చేతిలో చేపలుండగానే. ఆవిడ నన్ను ఎగాదిగా చూసింది. ఆ మధ్యాహ్నం చేపలావిణ్ణి వెంటబెట్టుకుని ప్రతి గుమ్మం ముందూ నిలబడింది.

"మేకకి మిరపకాయలు కట్టింది నేనేనే. ఈవిడ కాదు. కావాలంటే వెళ్ళి మా మరిది కన్ను చూసి రండి."

ఆడవాళ్ళు గుంపుగా వచ్చి నా కన్ను చూసి, కొంగులు అడ్డం పెట్టుకుని నవ్వి పోయారు. చూలాలైన కోడలు కూడా వచ్చింది, వాళ్ళత్తగారి వెనక. ఆ ఇంట్లోనూ ఆ పూట చేపల పులుసే.

వదినగారు దిష్టిని నమ్మడం మానలేదు. మానిపించానని అబద్ధం ఆడను. కానీ ఆ తర్వాత మేక ఒకసారి పాలు తగ్గిస్తే, ఆవిడే గోడమీదనుంచి, "ముందు పొదుగు చూడు మరిదీ, పిల్లలు కొరికాయేమో" అంది. కొరికాయి. వెన్న రాశాం.

ఇప్పుడు మీ వంతు. మీ వీధిలో ఏ మనిషి చూపు మంచిది కాదని మీరు తలుపు వేసుకున్నారో మీకు తెలుసు. మనసులో పశ్చాత్తాపపడి ఊరుకోవద్దు, అది ఆవిడకి అన్నం పెట్టదు. లేవండి. ఈ రోజే ఆవిడ గుమ్మానికి వెళ్ళండి, తప్పు మాదని నలుగురూ వినేలా చెప్పండి, చెయ్యి పట్టుకుని మీ ఇంట్లోకి తీసుకురండి.